ఫోటోలో లేని తట్ట

ఎదురుగా ఉంటే కళకళలాడే మనిషి ఫోటోలోకొచ్చేసరికి ఎందుకలా కర్రలా బిగుసుకుపోతాడో తెలుసుకోవాలంటే దుర్గని అడగాలి. పూర్ణా మార్కెట్ వెనక సందులో ఒక కలర్ ల్యాబు ఉంది. అందులో ఆరేళ్లుగా పెళ్లి ఆల్బమ్‌లు తయారుచేసేది ఆమే. ఫోటో తీసినవాడు మనిషిని రెప్పపాటు చూసి పక్కకి తప్పుకుంటాడు. ఆ రెప్పపాటుని కంప్యూటర్లో పెట్టుకుని, కంట్లో ఎర్రజీరలు కనపడేంత పెద్దది చేసి, గంటలకి గంటలు చూడాల్సింది మాత్రం దుర్గ. చూసి చూసి ఆమెకి మనుషుల గుట్టు తెలిసిపోయింది.

నలభై ఫోటోల్లోనూ పెదాలు బిగించుకున్న పెద్దాయనకి కట్టుడు పళ్లు వదులయ్యాయన్నమాట. ఒక భుజం పైకెత్తుకుని నిలబడ్డ అమ్మాయి తొడుక్కున్న జాకెట్టు ఆమెది కాదు, పక్కింటావిడది. వెనక వరసలో రెండు చేతులూ ఒంటికి అతికించుకున్న కుర్రాడి చొక్కా చంకలో చిరిగింది. "ఫోటోలో బాగా పడకపోవడం అంటూ ఏమీ ఉండదు. దాచుకోవాల్సింది ఉన్నవాళ్లు దాచుకుంటూ పడతారు, అంతే" అని దుర్గ తేల్చిపారేసేది. ల్యాబులో అందరూ తలూపేవారు. ఎదుటివాళ్ల గుట్టు గురించిన సిద్ధాంతం ఎవరికైనా రుచిగానే ఉంటుంది. మన గుమ్మం దాకా వస్తేనే చేదు.

ఆమె గుమ్మంలోనే ఉంది కాసులమ్మ. దుర్గ కన్నతల్లి. పెదజాలారిపేటలో కాసులమ్మ నోరు విప్పిందంటే చుట్టూ ఉన్న నలుగురూ కడుపు పట్టుకోవాల్సిందే. చేతులూ, కనుబొమలూ, ఆఖరికి ముక్కుపుడక కూడా మాట్లాడతాయి. అలాంటి మనిషి ముందు కెమెరా పెడితే, ఇక ఆవిడ ఆవిడ కాదు. ఆధార్ కార్డు మీద ఆవిడ బొమ్మ చూసి పేటలో పిల్లలు జడుసుకుంటారని మొగుడు జగ్గయ్యే వేళాకోళం చేసేవాడు. సింహాద్రి అప్పన్నయినా ఏడాదికోసారి చందనం తీసి నిజరూపం చూపిస్తాడు గానీ, మా ఆవిడ కెమెరాకి ఆ ఒక్కసారీ చూపించదని ఆయన మాట.

దుర్గ పెళ్లి ఆ సింహాచలం కొండమీదే జరిగింది. పెళ్లికొడుకు వెంకటేష్ అచ్యుతాపురంలో ఒక మందుల కంపెనీలో పనిచేస్తాడు. చెల్లెలి పెళ్లి ఆల్బమ్ కోసమని ల్యాబుకి వచ్చి, ఆల్బమ్ అయిపోయాక కూడా వస్తూనే ఉన్నాడు. వాళ్లది చోడవరం వైపు రైతు కుటుంబం. తండ్రి నీలకంఠం స్టీల్ ప్లాంటు పనికొచ్చి గాజువాకలో స్థిరపడి, ఈమధ్యే రిటైరయ్యాడు. తల్లి నారాయణమ్మ. సముద్రం మీద బతికేవాళ్ల పిల్లని మట్టి మీద బతికినవాళ్లు చేసుకోవడానికి కొంత గుంజాటన జరిగింది గానీ, అది జరగాల్సినంతే జరిగి ఆగిపోయింది.

ఆ గుంజాటనలోనే దుర్గ ఒక మాట అంది. "మీ అమ్మగారేం సేత్తారమ్మా?" అని నీలకంఠం అడిగినప్పుడు, "హార్బర్లో చేపల వ్యాపారమండీ" అంది. అబద్ధమని ఎవడూ అనలేడు. వ్యాపారమనే మాట పెద్ద గొడుగు. దాని కింద ఐసు లారీలున్న ఆసామీ పడతాడు, తెల్లారకుండా హార్బర్లో వేలంలో చేపలు పాడుకుని, కాలనీల దాకా ఆటోలో వెళ్లి, అక్కణ్ణించి నెత్తిన తట్టతో గుమ్మం గుమ్మం తిరిగే కాసులమ్మా పడుతుంది. నీలకంఠం కళ్లముందు లారీలు నిలబడ్డాయని దుర్గకి తెలిసింది. తెలిసీ ఊరుకుంది. వెంకటేష్‌కి అసలు సంగతి తెలుసు, "అయితే ఏటి?" అన్నాడు. కానీ వెంకటేష్ ఒప్పుకున్నంత తేలిగ్గా దుర్గ తనని తాను ఒప్పించుకోలేకపోయింది.

పెళ్లయిన పది రోజులకి ఫోటోలు ల్యాబుకొచ్చాయి. తన పెళ్లి ఆల్బమ్ తానే చేసుకునే యోగం ఎంతమందికి ఉంటుందని తోటివాళ్లు ఆటపట్టించారు. మధ్యాహ్నం అన్నం తిని వచ్చి, దుర్గ రెండు కుటుంబాల గ్రూపు ఫోటో తెరిచింది. గాజువాక ఇంట్లో హాలు గోడకి పెద్దది కట్టించి పెడదామని మావగారు ముచ్చటపడ్డది దాన్నే.

మధ్యలో తనూ వెంకటేషూ. వెంకటేష్ పక్కన అత్తగారు, మావగారు. తన పక్కన అమ్మ, నాన్న. దుర్గ అలవాటు ప్రకారం ఒక్కో మొహాన్నీ పెద్దది చేసుకుంటూ వచ్చింది. అత్తగారు మెడ నిటారుగా పెట్టి నిలబడ్డ తీరు చూసి, ఎంతైనా నలుగురు పాలేళ్లని తిప్పిన ఇంటి కోడలు, ఆ హుందాతనం ఎక్కడికి పోతుందని మెచ్చుకుంది. ఆవిడ బుగ్గమీద మచ్చ తుడిచింది. మెడలో హారానికి కాస్త మెరుపు పెట్టింది. ఆ తర్వాత తల్లి దగ్గరికొచ్చి ఆగిపోయింది.

ఇన్నేళ్లూ అమ్మకి కెమెరా అంటే భయం అనుకుంది. అప్పుడు చూసింది, అది భయం కాదు. మెడ బిగిసి ఉంది, గడ్డం లోపలికి నొక్కి ఉంది. తల కదలకుండా కనుగుడ్లు మాత్రం పక్కకి జరిగి ఉన్నాయి. కాళ్లు ఎడంగా, నేలని పట్టుకుని ఉన్నాయి. కుడిచెయ్యి మోచేతి దగ్గర వంగి, భుజం దాకా లేచి, గాలిలో దేన్నో పట్టుకోబోయి ఆగింది. ఫోటో ఆయన "కదలకండి" అన్నాడు. కదలకుండా నిలబడటం కాసులమ్మకి ముప్పై ఏళ్లుగా ఒక్క రకంగానే వచ్చు. తలమీద పాతిక కేజీల తట్ట పెట్టుకుని, ఎవరో గుమ్మంలోంచి "ఆగు, ఏం చేపలున్నాయి?" అని పిలిస్తే, నీళ్లు కూడా తొణక్కుండా ఆగుతుందే, అదిగో అలాగ.

పట్టుచీర ఉంది, పూలున్నాయి, తట్ట లేదు. అయినా దుర్గ కంటికి తట్టే కనిపించింది. విశాఖపట్నంలో గుమ్మం ముందు చేపలు కొన్నవాడెవడైనా ఈ ఫోటో చూశాడంటే, ఈవిడ ఎవరో చెప్పేస్తాడనిపించింది. మావగారి లారీలన్నీ ఒక్క దెబ్బకి మాయమైపోతాయనిపించింది. ఎవరైనా చూస్తున్నారేమోనని వెనక్కి తిరిగి కూడా చూసింది.

మొదట తల మార్చబోయింది. ఆల్బమ్ పనిలో అది రోజూ చేసేదే. ఒక ఫోటోలో కళ్లు మూసుకున్నవాళ్లకి ఇంకో ఫోటోలోంచి తల తెచ్చి పెడతారు. అమ్మ నిలబడ్డ ఫోటోలు ముప్పైరెండు ఉన్నాయి, ముప్పైరెండూ ఒకటే. వంటల దగ్గర ఎవరితోనో నవ్వుతుండగా తనకి తెలియకుండా తీసిన ఫోటో ఒకటి దొరికింది. ఆ తల తెచ్చి ఈ ఒంటికి పెట్టింది. మొహం నవ్వుతోంది, మెడ మోస్తోంది. దయ్యం పట్టినట్టుంది.

అప్పుడు దుర్గ ఆ పని చేసింది. కాసులమ్మని మొత్తానికి తీసేసింది. జగ్గయ్యని జరిపి తన పక్కకి తెచ్చింది. ఆయన ఖాళీ చేసిన చోట మండపం స్తంభానికున్న అరటిబోదెని, బంతిపూల దండని తెచ్చి నింపింది. ఇరవై నిమిషాలు పట్టింది. చేతిపని ఎంత శుభ్రంగా ఉందంటే, బోదె మీద నీడ కూడా సరైన వైపే పడింది.

మనసు ఊరుకోదు కదా, దానికి కూడా నచ్చజెప్పుకుంది. ఆల్బమ్ లోపలి పేజీల్లో అమ్మ ఉంది. అమ్మకి ఫోటోలంటే పడదు, ఆ గోడవంక చూడను కూడా చూడదు. ఇక అత్తింటివాళ్లంటావా, గ్రూపు ఫోటో చేతికిస్తే ఏ మనిషైనా ముందు వెతికేది తన మొహాన్నే. అది బాగుంటే ఫోటో బాగున్నట్టే. ఆరేళ్ల అనుభవంతో నేర్చుకున్న సూత్రం అది. ఆ సూత్రం కన్నతల్లికి కూడా వర్తిస్తుందని మాత్రం మహాతల్లి దుర్గకి తట్టలేదు.

పెద్ద ఫ్రేము కట్టించి శనివారం సాయంత్రం గాజువాక తీసుకొచ్చారు. వెంకటేష్ మేకు కొట్టి తగిలించి డ్యూటీకి వెళ్లిపోయాడు. నీలకంఠం తనని తాను చూసుకుని, పొట్ట కనపడలేదని సంతోషించాడు. నారాయణమ్మ కళ్లద్దాలు పెట్టుకోకుండానే, "బాగున్నాం" అంది. "మీ ల్యాబులో ఎవరు సేసేరో గానీ మంచి పనోళ్లమ్మా" అని మావగారు మామూలుగా అన్న మాటకే, గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు దుర్గ వంటింట్లోకి పోయి అక్కర్లేని గిన్నెలు తోమింది.

మర్నాడు ఆదివారం, వియ్యపురాలు భోజనానికి రావాలని నారాయణమ్మ కబురుపెట్టింది. జగ్గయ్య బోటు మీద వేటకెళ్లాడు కాబట్టి కాసులమ్మ ఒక్కతే వచ్చింది. పెళ్లినాటి పట్టుచీరే కట్టుకుంది. శుభ్రం చేసి కోసిన వంజరం ముక్కలు స్టీలు క్యారేజీలో తెచ్చింది. గుమ్మంలో దుర్గ ఆమె చేతులు పట్టుకున్నప్పుడు నిమ్మతొక్కల వాసన వేసింది. చేపల వాసన రాకూడదని ఇంటిదగ్గర ఎంతసేపు రుద్దుకుందో!

"రా వదినా, రా. ఎండలో వచ్చేవు. బస్సు దొరికిందా?" అంది నారాయణమ్మ.

"దొరికింది వదినా. సీటు కూడా దొరికింది" అంటూ కాసులమ్మ చుట్టూ చూసింది. ఎదురుగా గోడ మీద ఫ్రేము కనపడింది. "ఇదేటి, అప్పుడే కట్టించీసేరా! ఎంత పెద్దది సేసేరే!"

దుర్గ గబగబా మంచినీళ్లు తెచ్చింది. "కూకో అమ్మా ముందు, కూకుని తాగు."

కాసులమ్మ గ్లాసు పుచ్చుకుంది గానీ కూర్చోలేదు. ఫోటో వంక చూడదనుకున్న మనిషి నేరుగా వెళ్లి ఫోటో ముందు నిలబడింది. అద్దానికి వేలు తగలకుండా చూపిస్తూ పేర్లు చెప్పడం మొదలుపెట్టింది. "ఇదిగో అన్నయ్యగారు. ఇదిగో వదిన. అల్లుడు. మా పిల్ల..." వేలు ఆగింది. "ఈయనేటి, పిల్ల పక్కకి వచ్చీసేరు? నాను కదా అక్కడ నించున్నాను?" వేలు జగ్గయ్య మీంచి పక్కకి జరిగింది, బంతిపూల దండ మీదికి, అక్కణ్ణించి ఫ్రేము చెక్కదాకా వెళ్లి, మళ్లీ వెనక్కొచ్చింది. "నానెక్కడున్నానే దుర్గా?"

దుర్గ నోట్లో పచ్చివెలక్కాయ పడింది. "నువ్వప్పుడు... వంటల కాడున్నావేమోనమ్మా" అంది.

"వంటల కాడెక్కడమ్మా!" అన్నాడు కుర్చీలో పేపరు చదువుకుంటున్న నీలకంఠం. ఆయనకి ఏ పాపం తెలీదు, ఉన్నమాట చెబుతున్నాడు. "ఆ ఫొటో ఆయన 'పెద్దమ్మా, సెయ్యి దించండి, సెయ్యి దించండి' అని సెల్లెమ్మని పదిసార్లు అడగలేదూ? నాకు ఆకలికి కళ్లు తిరిగిపోనాయి. ఈ ఫొటోయే అది."

దుర్గ తేలు కుట్టిన దొంగలా నిలబడిపోయింది. కాసులమ్మ వెనక్కి తిరిగి కూతురి మొహంలోకి ఒక్కసారి చూసింది. చేపల బేరంలో ఎదుటివాడి మొహం చూసి లోపల ఏముందో చెప్పగల మనిషి ఆవిడ. ఫోటోలు చదవడం కూతురికి వచ్చినట్టే మనుషుల్ని చదవడం తల్లికి వచ్చు. ఆ ఒక్క చూపులో అంతా చదివేసిందని దుర్గకి తెలిసిపోయింది. నేల విడిపోతే బాగుండునని ఊరికే అంటారు గానీ, ఆ క్షణాన దుర్గ నిజంగానే కాళ్లకింది గచ్చు వంక చూసింది.

"ఓలమ్మ, మర్సేపోనాను!" అని కాసులమ్మ పెద్దగా నవ్వింది. "నానే తీసీమన్నాను అన్నయ్యా! నా మొగం ఫొటోల్లో ఎలాగుంటాదో మీకు తెల్దు. పేటలో పిల్లలు జడుసుకుంటారు. ఇంత మంచి ఫొటో, పిల్ల అత్తింట్లో గోడకి పెట్టీది, నా మొగమెందుకు, తీసీయే అన్నాను."

"అదేం మాట వదినా?" అంది నారాయణమ్మ.

"నిజం వదినా. పిల్ల వద్దమ్మా, ఉంచుతానమ్మా అని ఒకటే ఏడుపు. నానే ఒట్టేయించుకున్నాను."

తానే తీసెయ్యమన్నానని చెబితే సరిపోయేది. ఏడ్చిందని కూడా చెప్పింది. చెయ్యని తప్పు నెత్తిన వేసుకోవడమే కాకుండా, కూతురు చెయ్యని మంచిపనిని కూతురికి కట్టబెట్టింది. నీలకంఠం తల ఊపుతూ, "తల్లి మాట దాటలేని పిల్ల. ఈ రోజుల్లో ఎక్కడున్నారమ్మా ఇలాంటోళ్లు" అన్నాడు. చెంపదెబ్బకి బుగ్గ మండుతుందంటారు. దుర్గకి ఆ మెప్పుకి చెవుల దాకా మండింది. ఇప్పుడు చెప్పెయ్, ఇప్పుడు చెప్పెయ్ అని లోపల ఎవరో తోస్తూనే ఉన్నారు. సిగ్గుపడి నిజం చెప్పేవాళ్లు కొందరుంటారు, సిగ్గుపడి నోరు మూసుకునేవాళ్లే ఎక్కువ.

నారాయణమ్మకి మాత్రం ఆ మాట నచ్చలేదు. అలమారలోంచి కళ్లద్దాలు తీసి పెట్టుకుని, ఫోటో ముందుకి వచ్చింది. "నువ్వెలా నించున్నావో నాకు గుర్తే. మెడ ఇలా బిగించీసి, సెయ్యి ఇలా లేపి. అంతే కదా?"

"అంతే వదినా. కదలొద్దన్నారంటే నాకు అలాగే వచ్చీద్ది. తట్ట నెత్తినెట్టుకున్న అలవాటు. నానేటి సెయ్యను?" అని కాసులమ్మ దాపరికం లేకుండా చెప్పేసింది.

దుర్గ మావగారి వంక చూసింది. లారీల గురించి ఎవరూ అడగలేదు. నీలకంఠం పేపరు కూడా దించలేదు.

"తెల్దా ఏటి నాకు?" అంది నారాయణమ్మ. "కొండమీద నువ్వు నించోడం సూడగానే అనుకున్నాను, ఈవిడ నెత్తిన బరువు మోసిన మడిసిరా బాబూ అని. ఆ రాత్రే ఈయనతో అన్నాను. నానెలా నించున్నానో సూడు మరి!" అంటూ తన బొమ్మ మీద వేలు పెట్టింది. "పదేళ్లప్పుడు మొదలెట్టేను. గడ్డిమోపులు, పేడ తట్టలు, నీళ్ల బిందెలు. గాజువాక వచ్చి ముప్పై ఏళ్లయింది, కుళాయి ఇంట్లోకొచ్చి పదిహేనేళ్లయింది, ఈ మెడ ఇంకా దిగలేదు. నిన్ను తీసీవలిస్తే నన్నూ తీసీమను!"

ఇద్దరు ఆడవాళ్లూ ఒకరి మెడ ఒకరు చూసుకుని నవ్వుకున్నారు. దుర్గ తల ఎత్తి ఫోటో చూసింది. మచ్చ తుడిచి, హారం మెరిపించి, గంటసేపు తాను చెక్కిన ఆ మొహం కింద అదే బిగిసిన మెడ. అదే లోపలికి నొక్కిన గడ్డం. తల కదలకుండా పక్కకి జరిగిన అవే కనుగుడ్లు. పాలేళ్లని తిప్పిన ఇంటి హుందాతనం అని తాను మెచ్చుకున్నది ఈ నీళ్ల బిందెలనే. ఒక్క ఫోటోలో ఇద్దరు ఆడవాళ్లు ఒకేలా నిలబడితే, ఒకామెలో గౌరవం కనపడింది, ఇంకొకామెలో తట్ట కనపడింది. కళ్లు రెండూ తనవే.

అంతా దాచుకోవడంలోనే ఉందని కదా ఇన్నాళ్లూ చెప్పుకొచ్చింది! ఆ ఫోటోలో వీళ్లిద్దరూ ఏదీ దాచుకోలేదు. దాచుకోవడం చేతకాకే అలా పడ్డారు. దాచుకోవాల్సింది ఉన్న మనిషి ఒక్కతే, మధ్యలో పెళ్లికూతురు, మెడ వంచి, పెదవి చివర నవ్వు పెట్టుకుని, అందరికన్నా చక్కగా పడింది.

భోజనాల దగ్గర వంజరం పులుసు అందరూ మెచ్చుకున్నారు. కాసులమ్మ పేటలో సంగతులు చెప్పి నీలకంఠాన్ని పొలమారేలా నవ్వించింది. దుర్గ అన్నం కెలుకుతూ కూర్చుంది. "తినవేటే?" అని తల్లే ముక్క తీసి ఆమె పళ్లెంలో వేసింది. ఆ ముక్కలో ముళ్లన్నీ ముందే తీసేసి ఉన్నాయి.

నాలుగింటికి తల్లిని బస్సెక్కించడానికి దుర్గ వెంట వెళ్లింది. బస్టాపులో రేకుల నీడన నిలబడ్డాక, దుర్గ రోడ్డు వంక చూస్తూ అడిగింది.

"అలాగెందుకు సెప్పేవమ్మా?"

"మరెలాగ సెప్పమంటావు? నన్ను సూత్తే మా పిల్లకి సిగ్గని సెప్పనా?"

దుర్గ ఏడుపు ఆపుకోలేకపోయింది. పక్కన బస్సు కోసం నిలబడ్డవాళ్లు చూస్తున్నా ఆపుకోలేకపోయింది. కాసులమ్మ చుట్టూ చూసి, కూతురికి అడ్డంగా నిలబడింది.

"ఊరుకో. నాకు కోపం లేదు" అంది. "నువ్వు అయిదో కలాసులో ఉన్నప్పుడు, నెత్తిన తట్టతో ఇస్కూలు గేటు కాడికి రావద్దన్నావు, గుర్తుందా? అప్పుడు కూడా కోపం రాలేదు. సిన్నపిల్లవి, నీ తోటోళ్లు నవ్వుతారు. మలుపులో టీకొట్టు కాడ తట్ట దించీసి, కొంగుతో సేతులు తుడుసుకుని వచ్చీదాన్ని. రెండుమాట్లు కుక్కలు సేపలు లాక్కుపోనాయి. అయినా దించీసే వచ్చీదాన్ని. దించితే దిగీది కదా, దించడానికేటి?"

దూరంగా బస్సు కనపడింది. కాసులమ్మ క్యారేజీని రెండో చేతిలోకి మార్చుకుంది.

"నీ పెళ్లికి నెత్తిమీద ఏటీ లేకుండానే వచ్చినాను కదే" అంది. "ఇంకేటి దించమంటావు?"

దెప్పిపొడుపుగా అని ఉంటే దుర్గ తట్టుకునేదేమో. కాసులమ్మ దెప్పలేదు. నిజంగానే తెలియక, తెలిస్తే అది కూడా దించేద్దామన్నట్టు అడిగింది. బస్సొచ్చి ఆగింది. జనంలో పడి ఎక్కి, కిటికీలోంచి చెయ్యి ఊపి, "ఎండలో నించోకు, ఎల్లిపో" అని అరిచింది.

ఇంటికొచ్చేసరికి నీలకంఠం కునుకు తీస్తున్నాడు. నారాయణమ్మ వంటింటి గట్టు మీద కూర్చుని, సాయంత్రానికని చిక్కుడుకాయల ఈనెలు తీస్తోంది. కళ్లద్దాలు ఇంకా తియ్యలేదు.

"అమ్మకి బస్సు దొరికిందా?"

"దొరికిందత్తా." దుర్గ గుమ్మం పట్టుకుని నిలబడింది. ఇంకో నిమిషం ఆగితే ఇక ఎప్పటికీ చెప్పలేనని తెలుసు. "అమ్మ తీసీమనలేదత్తా. నానే తీసీసేను. నాను ఏడవనూ లేదు, ఒట్టూ లేదు. అమ్మకి తెలీనే తెలీదు."

నారాయణమ్మ చేతిలో చిక్కుడుకాయ అలాగే ఉండిపోయింది. "ఎందుకే?"

వందల మంది గురించి, ఎవరు ఎందుకు అలా పడ్డారో గడగడా చెప్పిన దుర్గకి, తన సంగతి చెప్పడానికి మాటలు ఒక్కొక్కటే లాక్కోవాల్సి వచ్చింది. "తట్ట మోసినట్టు నించుందని. మీరందరూ సూత్తారని. నాకు సిగ్గేసి."

తిడుతుందనుకుంది. తిడితే బాగుండుననుకుంది. ఆవిడ తిట్టలేదు. తల అటూ ఇటూ కదపకుండా, కళ్లు మాత్రం ఎత్తి కోడలివైపు చాలాసేపు చూసింది. పొద్దుటి నుంచీ చూస్తున్న ఆ చూపులో ఇప్పుడు చనువు లేదు.

"మరి నన్నెందుకుంచీసేవే?" అంది.

దుర్గ కళ్లు హాల్లో ఫ్రేము మీదికి పోయాయి. నారాయణమ్మ కాసేపు చూసి, తల దించుకుని ఈనె తీసింది.